చీరల మీద అబోరిజినల్ చుక్కల డిజైన్లు వేయించి అమ్మొచ్చా?

ముందుగా ఒక మాట. ఈ జవాబులో చనిపోయిన అబోరిజినల్, అంటే ఆస్ట్రేలియా ఆదివాసీ, కళాకారుల పేర్లు వస్తాయి. పోయినవాళ్ళ పేరు కొంతకాలం పలకకపోవడం అక్కడ చాలా సమాజాల్లో ఆచారం. అందుకే ఆస్ట్రేలియాలో ఇలాంటివి రాసేవాళ్ళు పైన ఈ హెచ్చరిక పెడతారు. నేనూ పెడుతున్నాను.

మీరు అడిగింది ఇది. మెల్‌బోర్న్‌లో ఇంటి నుంచే చీరల వ్యాపారం చేస్తున్నారు. ఇక్కడి మనవాళ్ళకి కొత్తగా ఉంటుందని అబోరిజినల్ డిజైన్లతో సూరత్‌లో 60 చీరలు డిజిటల్ ప్రింట్ చేయించారు. డిజైన్లు మూడు. రెండు ఏఐతో తయారు చేయించిన చుక్కల బొమ్మలు. మూడోది ఇంటర్నెట్‌లో దొరికిన పాత చిత్రం, బాతులూ కలువలూ ఉన్నది, రంగులు మార్చి వాడుకున్నారు. "వేల ఏళ్ళ నాటి కళ కదా, దీనికి కాపీరైట్ ఎక్కడుంటుంది? ట్యాగ్ మీద 'అబోరిజినల్ డిజైన్' అని వేయొచ్చా? ఇప్పటికే వచ్చేసిన చీరలు ఏం చేయాలి?" అన్నారు.

సూటిగా చెప్తాను. మూడో డిజైన్ చీరలు ఒక్కటి కూడా అమ్మొద్దు. మిగతా రెండూ ఆ ట్యాగ్‌తో అమ్మొద్దు. ఎందుకో వివరంగా రాస్తున్నాను, ఎందుకంటే మీ ప్రశ్నలో తెలియకపోవడమే కనిపించింది తప్ప దురుద్దేశం కనిపించలేదు. నేను లాయర్ని కాదు. ఇరవై ఏళ్ళకు పైగా ఇక్కడ బట్టల ప్రింటింగ్, దిగుమతి పనిలో ఉన్నవాణ్ణి. మీరు చేసిన పొరపాటు నేనూ ఒకప్పుడు చేశాను, దాని సంగతి కింద చెప్తాను.

బాతులూ కలువలూ అని చదవగానే నాకు జానీ బులున్ బులున్ గుర్తొచ్చారు. ఉత్తరాన ఆర్నెమ్ ల్యాండ్‌కి చెందిన గనల్బింగు మనిషి. 1978లో చెట్టు బెరడు మీద ఒక చిత్రం వేశారు: నీటిగుంట, దాని చుట్టూ మాగ్‌పై గూస్ అనే నలుపు తెలుపు బాతులు, కలువలు. ఆ చిత్రాన్ని అడగకుండా విదేశంలో గుడ్డ మీద అచ్చు వేసి ఆస్ట్రేలియాకి దిగుమతి చేశారు. అంతకుముందు 1989లో కూడా ఆయన చిత్రాలు టీషర్టుల మీదకి ఎక్కితే కోర్టుకి వెళ్ళారు, అది రాజీతో ముగిసింది. గుడ్డ కేసు మాత్రం 1998లో ఫెడరల్ కోర్టులో తీర్పు దాకా వచ్చింది. మీరు వాడింది ఆయన చిత్రమేనని నేను అనడం లేదు, చూడలేదు కాబట్టి. కానీ గీతలతో అల్లిన బాతులు, కలువలు అంటే ఎవరో ఒకరు వేసిన చిత్రమే. ఆ ఒకరు బతికి ఉన్నా, పోయి 70 ఏళ్ళు దాటకపోయినా దాని మీద కాపీరైట్ ఉంటుంది. కళ వేల ఏళ్ళది కావచ్చు, ఆ చిత్రం వేల ఏళ్ళది కాదు. రంగులు మార్చాం, పది శాతం మార్చాం కాబట్టి ఫర్వాలేదు అనే మాట సూరత్‌లోనూ వింటాం, సిడ్నీలోనూ వింటాం. అలాంటి లెక్క చట్టంలో ఎక్కడా లేదు. చిత్రంలో ముఖ్యమైన భాగం తీసుకున్నారా లేదా అన్నదే చూస్తారు.

కాపీరైట్ సంగతి అంతే. ఎవరైనా చెప్పగలరు. అసలు చిక్కు దాని తర్వాత మొదలవుతుంది.

మనకి రామాయణం ఉంది. శ్రీకాళహస్తిలో కలంకారీ వేసేవాళ్ళు గీస్తారు, చేర్యాలలో నకాషీలు గీస్తారు, పిల్లలు బళ్ళో గీస్తారు. రాముణ్ణి గీయడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. కాబట్టి కథ అంటే అందరిదీ అనే భావంతోనే మనం పెరిగాం. ఆస్ట్రేలియా అబోరిజినల్ సమాజాల్లో అలా కాదు. అక్కడ కథకి సొంతదారులుంటారు. ఫలానా నీటిగుంటని ఫలానా పూర్వీకుడు సృష్టించాడు, ఆ గుంటా, ఆ కథా, ఆ పాటా, ఆ చిత్రంలో గీతలు వేసే పద్ధతీ అన్నీ ఫలానా వంశానివి. పక్క వంశంవాడు ఎంత గొప్ప చిత్రకారుడైనా దాన్ని ముట్టుకోడు. ఆ వంశంలో పుట్టినవాడైనా పెద్దలు నేర్పి, హక్కు ఇచ్చాకే వేయాలి. ఆర్నెమ్ ల్యాండ్‌లో ఇంకో ఏర్పాటు ఉంది, మేనరికాలు తెలిసిన మనకి ఇది తేలిగ్గానే బోధపడుతుంది. తండ్రి వైపువాళ్ళు కథకి సొంతదారులు. ఆ ఇంటి ఆడపడుచుల పిల్లలు, అంటే మేనల్లుళ్ళూ మేనకోడళ్ళూ, దానికి కాపలాదారులు. సొంతదారు ఏదైనా చేయాలంటే వీళ్ళతో మాట్లాడాలి, పద్ధతి తప్పితే వీళ్ళు నిలదీస్తారు.

అంటే చిత్రకారుడు ఒప్పుకున్నా సరిపోని సందర్భాలుంటాయి. గుడి మాన్యానికి ధర్మకర్త ఉన్నట్టు ఆయన ఆ చిత్రానికి ధర్మకర్త. సాగు చేయిస్తాడు, కాపాడతాడు, అమ్ముకోలేడు. బులున్ బులున్ కేసులో జస్టిస్ వాన్ డూసా ఇంచుమించు ఇక్కడికే వచ్చారు. చిత్రం మీద వంశానికి ఉమ్మడి కాపీరైట్ ఉందని ఒప్పుకోలేదు, చట్టంలో దానికి చోటు లేదన్నారు. కానీ చిత్రకారుడికి తన వంశం పట్ల ధర్మకర్త బాధ్యత ఉందన్నారు. ఆయన తన చిత్రాన్ని కాపాడుకోకుండా ఊరుకుంటే, వంశం కోర్టు తలుపు తట్టే వీలు ఉంటుందని చెప్పారు.

దీనికి ఏడేళ్ళ ముందు 1991లో వచ్చిన మరో కేసు చూడండి. టెర్రీ యుంబులుల్ చేసిన వేగుచుక్క స్తంభం బొమ్మని 1988 నాటి 10 డాలర్ల ప్రత్యేక నోటు మీద వేశారు. ఆ స్తంభం అంత్యక్రియల క్రతువుల్లో వాడేది. ఆయన ఒక ఏజెన్సీ ద్వారా లైసెన్సు కాగితం మీద సంతకం పెట్టారు. కాబట్టి చట్టం లెక్కన అంతా సవ్యమే, కేసు ఓడిపోయారు. కానీ సొంతవాళ్ళ ముందు తలెత్తుకోలేని పరిస్థితి వచ్చింది. పవిత్రమైన వస్తువుని డబ్బు నోటు మీదకి ఎక్కనిచ్చావేమిటి అని అడిగితే ఆయన ఏం చెప్పగలరు? ఇలాంటి విషయాల్లో సమాజానికి ఉన్న హక్కుని ఆస్ట్రేలియా కాపీరైట్ చట్టం సరిగ్గా గుర్తించడం లేదని ఆ తీర్పులోనే జడ్జి రాశారు. కాగితం మీద సంతకం ఉంది కదా అని మనం నిశ్చింతగా ఉండకూడదని నేను నేర్చుకున్నది ఈ కేసు నుంచే.

నోట్ల కథ ఇంకా పాతది. 1966లో డాలరు నోటు మొదటిసారి వచ్చినప్పుడు దాని వెనక వైపు డేవిడ్ మలంగి బెరడు చిత్రం ఉంది. ఆయన్ని ఎవరూ అడగలేదు. ఎవరో పేరు తెలియని ప్రాచీనుడు వేసిన బొమ్మ అనుకున్నారట! తర్వాత విషయం బయటపడితే రిజర్వు బ్యాంకు గవర్నరు వెయ్యి డాలర్లు, చేపల వేట సామాను, ఒక పతకం ఇప్పించారు. "వేల ఏళ్ళ నాటి కళ కదా" అన్న మీ మాట చదివినప్పుడు నాకు కలుక్కుమన్నది ఇందుకే. ఆ రోజు వాళ్ళూ సరిగ్గా అదే అనుకున్నారు.

ఇక తివాచీల కేసు. ఇది తప్పకుండా తెలుసుకోవాలి, మనలాంటి బట్టల వ్యాపారులకి మరీనూ. పెర్త్‌కి చెందిన ఒక కంపెనీ వియత్నాంలో తివాచీలు నేయించి తెచ్చింది. వాటి మీద ఎనిమిది మంది అబోరిజినల్ కళాకారుల చిత్రాలు. అందులో అయిదుగురు అప్పటికే చనిపోయారు. బతికున్న ముగ్గురిలో యిర్కలాకి చెందిన బాండుక్ మారికా ఒకరు. పుస్తకాల్లో, బోధన కోసం అచ్చు వేయడానికి ఆమె ఒప్పుకున్న పవిత్ర నీటిగుంట చిత్రం అది. అది నేల మీద పరిచే తివాచీ అయ్యింది. పుస్తకానికి కాలు తగిలితే కళ్ళకద్దుకునేవాళ్ళం మనం. దేవుడి బొమ్మతో కాళ్ళు తుడుచుకునే పట్టాలు ఆన్‌లైన్‌లో కనిపిస్తే మనవాళ్ళకి ఎంత కోపం వచ్చిందో మీకు గుర్తుండే ఉంటుంది. ఆమె బాధ దానికంటే ఒక మెట్టు ఎక్కువ. ఎందుకంటే ఆ చిత్రాన్ని కాపాడే బాధ్యత ఆమెది. తప్పు ఎవరు చేసినా సొంతవాళ్ళు ముందు నిలదీసేది ఆమెనే.

పైగా ఆ తివాచీలకి కట్టిన ట్యాగుల మీద "అమ్మిన ప్రతి తివాచీకీ అబోరిజినల్ కళాకారులకు రాయల్టీ చెల్లిస్తున్నాం" అన్న అర్థంలో రాశారు. ఒక్క డాలరు ఇవ్వలేదు. 1994 డిసెంబరులో తీర్పు వచ్చింది. 1,88,000 డాలర్లకి పైగా నష్టపరిహారం, అమ్ముడుపోని తివాచీలు కళాకారులకు అప్పగించాలని ఆదేశం. అందులో సొమ్ము నష్టమే కాకుండా సాంస్కృతికంగా జరిగిన హానికి కూడా విలువ కట్టారు. పరిహారాన్ని ఒక్కొక్కరికీ విడదీయకుండా, తమ ఆచారం ప్రకారం పంచుకునేలా అందరికీ కలిపి ఇచ్చారు. గొప్ప తీర్పే. కానీ కంపెనీ మూతబడింది, డబ్బు కళాకారుల చేతికి రాలేదు. కోర్టులో గెలవడం వేరు, జరిగిన నష్టం పూడడం వేరు.

మీ ట్యాగ్ ప్రశ్నకి వస్తాను. మొదటి రెండు డిజైన్లూ ఏఐతో చేయించినవి కాబట్టి ఫలానా చిత్రం నుంచి తీసుకున్నారని చెప్పడం కష్టం. చుక్కలు పెట్టే శైలికి కాపీరైట్ లేదు. ఇదే చట్టంలో ఉన్న పెద్ద కన్నం. కానీ వాటికి "అబోరిజినల్ డిజైన్" అని ట్యాగ్ తగిలించిన క్షణాన మీరు వినియోగదారుల చట్టం కిందకి వస్తారు. 2018లో ఫెడరల్ కోర్టు ఒక సావనీర్ల టోకు కంపెనీ మీద తీర్పు ఇచ్చింది. బూమరాంగులు, డిడ్జెరిడూ అనే ఊదే వాద్యాలు, రాళ్ళ మీద బొమ్మలు, ఇలాంటివి 18,000కి పైగా అమ్మారు. "చేత్తో వేసినవి", "అబోరిజినల్ ఆర్ట్", "ఆస్ట్రేలియా" అని వాటి మీద ఉంది. తయారైంది ఇండొనేసియాలో. 2019లో 23 లక్షల డాలర్ల జరిమానా పడింది. ఆ కేసులో ఎవరి చిత్రాన్నీ కాపీ కొట్టారని నిరూపించాల్సిన పని రాలేదు, కొనేవాళ్ళని తప్పుదారి పట్టించారు అన్నదే తప్పయింది. "అబోరిజినల్ ఇన్‌స్పైర్డ్" అని రాస్తే తప్పించుకోవచ్చని కొందరు సలహా ఇస్తారు. నేనైతే ఇవ్వను. కొనే మనిషికి ఆ చిన్న తేడా తెలియదు, తెలియదనే కదా ఆ మాట వాడేది.

2022లో ప్రొడక్టివిటీ కమిషన్ అనే ప్రభుత్వ సలహా సంస్థ లెక్కలు తీసింది. 2019-20లో అబోరిజినల్, టోరెస్ జలసంధి ద్వీపవాసుల కళాకృతుల అమ్మకాలు దాదాపు 25 కోట్ల డాలర్లు. సావనీర్ల మీద జనం పెట్టిన ఖర్చులో సగానికి పైగా నకిలీ వస్తువులకే పోయింది. నకిలీల మీద తప్పనిసరిగా అది నకిలీ అని తెలిసేలా లేబుల్ ఉండాలని, సమాజాల సాంస్కృతిక హక్కులకి ప్రత్యేకంగా చట్టం కావాలని కమిషన్ సిఫారసు చేసింది. అలాంటి చట్టం తెస్తామని 2023 జనవరిలో ప్రభుత్వం కూడా ప్రకటించింది. అది నేరం కాకముందే మానుకోగలిగితే మంచిది కదా.

చుక్కల గురించి ఇంకో సంగతి. ఇది తెలిశాక నాకు ఆ చిత్రాలు చూసే చూపే మారిపోయింది. 1971లో మధ్య ఆస్ట్రేలియా ఎడారిలోని పపున్యా అనే ఊళ్ళో జెఫ్రీ బార్డన్ అనే పంతులు ప్రోత్సాహంతో పెద్దలు బడి గోడ మీద తేనెచీమల కథ వేశారు. తర్వాత పలకల మీద వేయడం మొదలుపెట్టారు. ఆ తొలినాళ్ళ చిత్రాల్లో దీక్ష తీసుకోనివాళ్ళు చూడకూడని క్రతువుల గుర్తులు కొన్ని బయటపడ్డాయి, దాంతో సమాజాల మధ్య గొడవలయ్యాయి. ఆ తర్వాత చిత్రకారులు అలాంటి గుర్తులు మానేశారు, లేదా చుక్కలతో కప్పేశారు. అంటే మనం ముచ్చటపడే ఆ చుక్కల్లో కొన్ని ఒకదాన్ని దాచడానికి వేసినవి. ఏఐకి ఇదంతా తెలియదు. దానికి పైన చుక్కలే కనిపిస్తాయి.

ఇప్పుడు నా సంగతి. ఇక్కడికి వచ్చిన కొత్తలో ఒక సరఫరాదారు దగ్గర చేత్తో గీసినట్టుండే అడ్డగీతల డిజైన్‌తో టేబుల్ క్లాత్‌లు తీసుకున్నాను. "పర్మిషన్ ఉందా?" అని అడిగాను. "అన్నీ ఉన్నాయి" అన్నాడు. కాగితం చూపించమని అడగలేదు, చవగ్గా వస్తున్నాయి కాబట్టి. డార్విన్‌లో సాయంత్రం సంతలో పెట్టుకుని అమ్ముతుంటే ఒక పెద్దావిడ మనవరాలితో వచ్చింది. ఒక క్లాత్ తీసుకుని చాలాసేపు చూసింది. దాన్ని బొమ్మ లోపలికి పోయేలా మడిచి బోర్లా పెట్టింది. "ఇది మా మేనమామ వాళ్ళది. నీ దగ్గరకి ఎలా వచ్చింది?" అంది. గట్టిగా కూడా అనలేదు. నేను సరఫరాదారు పేరు చెప్పాను. ఆవిడ అడిగింది అది కాదని నాకూ తెలుసు. ఆ రాత్రే సరుకంతా తీసేశాను. ఆవిడ ఊరి ఆర్ట్ సెంటర్‌ని వెతికి పట్టుకుని ఉత్తరం రాయడానికి నాకు నాలుగు నెలలు పట్టింది. ధైర్యం చాలక.

అందుకని మీకు చెప్పేది, మానేయమని కాదు. అబోరిజినల్ కళాకారుల్లో చాలామంది తమ పని బట్టల మీద చూడాలని కోరుకుంటారు. టివి (Tiwi) అనే దీవుల్లో బిమా వేర్ 1969 నుంచి ఆడవాళ్ళు నడుపుతున్న సంస్థ. మనింగ్రిడాలో బబ్బరా మహిళా కేంద్రం వాళ్ళు సొంత కథలని సొంతంగా గుడ్డ మీద అచ్చు వేస్తారు, బెంగళూరులోని ఒక బ్లాక్ ప్రింటింగ్ స్టూడియోతో కలిసి పనిచేశారు కూడా. కాబట్టి మన వైపు చీరకీ వాళ్ళ కథకీ పొత్తు కుదరదని కాదు. అడిగి చేయాలి, అంతే.

ఎలా అడగాలంటే, నేరుగా కళాకారుణ్ణి ఫేస్‌బుక్‌లో పట్టుకోకండి. సమాజం ఆధ్వర్యంలో నడిచే ఆర్ట్ సెంటర్‌కి రాయండి. కళాకారుడి కాపీరైట్ లైసెన్సులు చూసే కాపీరైట్ ఏజెన్సీ అనే సంస్థ కూడా ఉంది. అక్కడ ఎవరినీ కలవలేదనుకుంటే ఆగస్టులో డార్విన్ అబోరిజినల్ ఆర్ట్ ఫెయిర్‌కి వెళ్ళండి, ఆర్ట్ సెంటర్లన్నీ ఒకచోటే కనిపిస్తాయి. కళాకారులతో న్యాయంగా వ్యవహరిస్తామని డీలర్లు ఒప్పుకునే నియమావళి ఒకటి ఉంది, ఇండిజినస్ ఆర్ట్ కోడ్ అని. అందులో సభ్యులైన డీలర్ల జాబితా చూసుకోండి. అది స్వచ్ఛందమే, పూర్తి భరోసా కాదు, కానీ మొదటి జల్లెడగా పనికొస్తుంది.

ఒప్పందంలో ఏ చిత్రం, ఎన్ని చీరలు, ఎన్నాళ్ళు, ఏ దేశాల్లో అమ్ముతారు అన్నీ విడివిడిగా రాయించుకోండి. ముందు కొంత అడ్వాన్సు, తర్వాత అమ్మకంలో శాతం. కళాకారులకి ఒప్పందాలు ఉచితంగా చూసిపెట్టే సేవ ఆర్ట్స్ లా సెంటర్ దగ్గర ఉంది. వాళ్ళు చూపించుకుంటామంటే తొందరపెట్టకండి. చీర విషయంలో అదనంగా అడగాల్సినవి ఉన్నాయి, ఇవి మామూలు లైసెన్సు ఫారంలో ఉండవు. బొమ్మని ముక్కలు చేసి అంచుకొకటి పల్లూకొకటి వేయొచ్చా? తలకిందులుగా రావచ్చా? కుచ్చిళ్ళలో మడతపడి పాదాల దగ్గర ఉంటే ఫర్వాలేదా? రంగు మార్చొచ్చా? ఈ ప్రశ్నలు మీరే ముందు అడిగితే అవతలివాళ్ళు మీతో మాట్లాడే తీరే మారిపోతుంది. శాంపిల్ చీర పంపి, వాళ్ళు సరే అన్నాకే సూరత్‌కి ఆర్డరు ఇవ్వండి. ప్రతి చీరతో కళాకారుడి పేరు, ఊరు, వాళ్ళు ఇష్టపడి చెప్పినంత కథ ఉన్న కార్డు పెట్టండి. కళాకారుడు చనిపోతే పేరూ ఫొటో విషయంలో కుటుంబం ఏం కోరుతుందో అదీ ముందే రాసుకోండి.

జవాబు రావడానికి నెలలు పట్టొచ్చు. ఊళ్ళో ఎవరైనా పోతే "సారీ బిజినెస్" (చీర కాదు, విచారం అనే అర్థంలో సారీ) అంటారు, అంత్యక్రియల క్రతువులు ముగిసేదాకా అన్ని పనులూ ఆగిపోతాయి. దీపావళికి చీరలు కావాలని జులైలో రాస్తే కుదరదు. వచ్చే ఏడాది దీపావళికి అనుకుని ఇప్పుడు రాయండి. ఖర్చు కూడా పెరుగుతుంది, చీర ధర పెరుగుతుంది. కొనేవాళ్ళకి ఎందుకో చెప్పండి. శ్రీకాళహస్తిలో చేత్తో గీసిన చీరకీ, కలంకారీ పేరుతో మిల్లులో అచ్చు కొట్టిన చీరకీ తేడా మన ఆడవాళ్ళకి చెప్పక్కర్లేదు కదా. జీఐ (భౌగోళిక) గుర్తింపు ఉన్నా ఆ అచ్చు చీరలు ఆగలేదు. చేత్తో వేసే కుటుంబాల కడుపు ఎవరు కొడుతున్నారో మనకి తెలుసు. ఇక్కడ మనం ఆ పని చేయకూడదు.

చివరికి ఉన్న స్టాకు. ఏఐ చుక్కల చీరలకి ఆ ట్యాగ్ తీసేస్తే చట్టం మిమ్మల్ని ఏమీ అనకపోవచ్చు. అయినా నేనైతే అమ్మను, చూసేవాళ్ళకి అవి అబోరిజినల్‌గానే కనిపిస్తాయి కాబట్టి. మీద ముదురు రంగు డై వేయించి సాదా రంగు చీరలుగా మార్చొచ్చేమో మీ ప్రింటర్‌ని అడగండి, పట్టు కాకుండా పాలిస్టర్ అయితే కష్టం. ఇక బాతుల చీరలు. ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టి, ఎవరికైనా ఇప్పటికే అమ్మి ఉంటే వెనక్కి తెప్పించుకుని డబ్బు తిరిగి ఇచ్చేయండి. వెబ్‌సైట్‌లో, వాట్సాప్ గ్రూపుల్లో ఉన్న ఫొటోలు తీసేయండి. ఆ చిత్రం ఎక్కడ దొరికిందో ఆ లింకు వెతకండి, కింద కళాకారుడి పేరు ఉండే ఉంటుంది. ఆ ఆర్ట్ సెంటర్‌కి రాయండి: ఫలానా చిత్రం నుంచి ఇన్ని చీరలు అచ్చు వేయించాం, అడగకుండా చేశాం, అమ్మడం ఆపేశాం, వీటిని ఏం చేయమంటారో మీరే చెప్పండి అని. పంపేముందు ఒక లాయరుకి చూపించండి. కాల్చేయమంటారో, పంపించమంటారో, పరిహారం కోరతారో వాళ్ళ ఇష్టం. నాకు అప్పట్లో పంపించమని జవాబొచ్చింది. పంపించాను. ఉత్తరం రాయడానికి సాయం కావాలంటే కింద చెప్పండి, కూర్చుని రాద్దాం.